జిల్లా పేజీ దాటని పల్నాడు

మాది రెంటచింతల పక్కన ఓ పల్లె. రెంటచింతల పేరు వినని తెలుగువాళ్లు తక్కువ, చూసినవాళ్లు ఇంకా తక్కువ. శ్రీకాకుళం మనిషైనా, చిత్తూరు మనిషైనా ఆ పేరు చెవిన పడగానే "అబ్బో, ఎండలు!" అంటాడు. అంతటితో మా సంగతి తేలిపోతుంది. అరవయ్యేళ్లు దాటాయి నాకు. ఆ మాట తర్వాత రెండో ప్రశ్న వేసిన మనిషి ఇంతవరకు తగల్లేదు.

ఈ పేరు మాకు రేడియో పెట్టింది. వాతావరణ శాఖ వాళ్ల పరిశీలన కేంద్రం రెంటచింతలలో ఉంది గనక ఎండాకాలం వచ్చిందంటే రోజూ మా లెక్క పైకి వెళ్లేది. విజయవాడ ఆకాశవాణి 1948 డిసెంబరు 1న మొదలైంది. నాకు ఊహ తెలిసేనాటికి మా పంచాయతీ ఆఫీసులో రేడియో ఉండేది, దాని మైకు గొట్టం బయట వేపచెట్టుకు వేలాడేది. పొద్దుగూకాక ఇంటిముందు నాపరాళ్ల మీద రెండు బిందెల నీళ్లు కుమ్మరించేవాళ్లు. రాళ్లు బుస్సుమని ఆవిరి కక్కేవి. ఆ ఆవిరి పోయాక మంచాలు వాల్చేవాళ్లు. మా తాత మంచం మీద వెల్లకిలా పడుకుని, వార్తలన్నీ వదిలేసి, చివర్లో వచ్చే వాతావరణం కోసం చెవి ఒగ్గేవాడు. రాష్ట్రంలోకెల్లా ఎక్కువ ఎండ రెంటచింతలలో అని చెప్పగానే తొడమీద చరిచి "మనల్ని చెప్పాడ్రా!" అనేవాడు. వీపంతా చెమటకాయలు. విసనకర్ర ఆపితే ప్రాణం పోయేట్టుంది. అయినా ముఖంలో పెళ్లివారి కళ.

మా నాయనమ్మ పోయింది అలాంటి వేసవిలోనే. ఏ సంవత్సరమో, ఏ తిథో ఇంట్లో ఎవరికీ సరిగ్గా గుర్తులేదు. "మనూరి ఎండ రేడియోలో చెప్పిన రోజు" అనే ఇప్పటికీ అంటాం. అలాంటి రోజులు బోలెడు. నాయనమ్మ చావుకు మేం పెట్టుకున్న గుర్తు మాత్రం అదొక్కటే. ఆమె ఏ చీర కట్టుకునేదో మర్చిపోయాను. జొన్నరొట్టె తట్టేటప్పుడు చేతిగాజులు ఎలా చప్పుడయ్యేవో మర్చిపోయాను. రేడియోలో చదివినాయన గొంతు మాత్రం గుర్తుంది. ఎంత అన్యాయమో చూడండి! మనింటి మనిషి చెరిగిపోయి, ఎక్కడో స్టూడియోలో కూర్చున్నాయన మిగిలాడు.

ఎండలు అబద్ధమని నేననను. కింద సున్నపురాయి, చుట్టూ బోడిగుట్టలు, సముద్రం గాలి ఇక్కడిదాకా రాదు. కాలక ఏమవుతుంది? కానీ ఆ రాయే పిడుగురాళ్లలో సున్నమై తెలుగునాట ఎన్నో గోడలకు ఎక్కింది. ఆ నేలలో పుట్టిన నాపరాయే మాచర్ల బండలై లారీలకెక్కి ఊరూరా ఇళ్లలో పరుచుకుంది. ఎండాకాలం మిట్టమధ్యాహ్నం మీ ఇంట్లో చల్లగా ఉందని నడుం వాల్చే బండ మాదై ఉండొచ్చు. ఆ మాట ఏ వార్తల్లోనూ చదవరు. ఇప్పుడు పట్టికల్లో గురజాల పక్కన జంగమహేశ్వరపురం పేరు కూడా కనబడుతోంది. పాపం, వాళ్లకూ మొదలైంది.

రేడియో మమ్మల్ని అంకెను చేసింది, సినిమా తొడగొట్టే మనిషిని చేసింది.

మొదట్లో సినిమా అలా లేదు. 1947లో వచ్చిన 'పల్నాటి యుద్ధం' గూడవల్లి రామబ్రహ్మం మొదలుపెట్టాడు. సగంలో ఆయన పోతే ఎల్.వి.ప్రసాద్ పూర్తి చేశాడు. బ్రహ్మనాయుడు గోవిందరాజుల సుబ్బారావు, నాగమ్మ కన్నాంబ, బాలచంద్రుడు అక్కినేని. 'మాలపిల్ల' తీసిన రామబ్రహ్మానికి పల్నాటి కథ మీద కన్నెందుకు పడిందో వేరే చెప్పక్కర్లేదు. బ్రహ్మనాయుడు అన్ని కులాలవాళ్లనూ ఒకే చాప మీద కూర్చోబెట్టి తినిపించిన చాపకూడు ఈ కథలోదే. మాలవాడైన కన్నమదాసును కొడుకుగా చేసుకుని సేన అప్పజెప్పింది ఈ కథలోనే. ఎదురుపక్షానికి నాగమ్మ అనే ఆడమనిషి మంత్రి అయింది కూడా ఇందులోనే. తిరిగి 1966లో గుత్తా రామినీడు అదే పేరుతో తీశాడు. ఎన్టీఆర్ బ్రహ్మనాయుడు, భానుమతి నాగమ్మ. దాన్ని నేను డేరా సినిమాలో నేల టిక్కెట్టు మీద చూశాను, ఒకసారి కాదు.

చూసి ఏం పోగొట్టుకున్నానో చెబుతాను. ఇప్పుడు నాగమ్మ అనండి, నా కళ్లముందు భానుమతి కనుబొమ్మ లేస్తుంది. కోడిపోరు అనండి, మద్రాసు స్టూడియోలో ఎరువు ఇసుక పోసి చదునుచేసిన నేల కనబడుతుంది. మా నాయన భుజాల మీద కూర్చుని నేను చూసిన అసలు కారంపూడి, ఆ యుద్ధం జరిగిన చోటు, ఆ ఇసుక కింద పడిపోయింది. గోరుతో గీకితే కొంచెం కొంచెం బయటికొస్తుంది. గీకుతాను ఉండండి.

కార్తీకమాసం, కారంపూడిలో వీరుల ఉత్సవాలు, చలి. వీరుల గుడి పక్కన నాగులేరు. ఎక్కడెక్కడి నుంచో వీరాచారం వాళ్లు తమ తమ వీరుల ఆయుధాలు, కొణతాలంటారు, ఎర్రగుడ్డల్లో చుట్టి నెత్తిన పెట్టుకుని వచ్చారు. రాత్రి ఒకచోట కథ జరుగుతోంది. చెప్పేది వీర విద్యావంతుడు. కాళ్లకు గజ్జెలు, చేతిలో కత్తి. పక్కన పంబ ఒకడు, తిత్తి ఊదేవాడు ఒకడు. కథకుడు ముసలివాడు, గొంతు పగిలిన కుండ. కానీ మాట వచ్చినప్పుడు ఆ పగులులోంచే ఏదో దూసుకొచ్చేది. బాలచంద్రుడు యుద్ధానికి పోతానని తల్లి దగ్గర సెలవడిగే ఘట్టంలో అతను కత్తిమొనతో నేలమీద ఓ గీత గీశాడు. అంతే. గీతకు ఇవతల తల్లి, అవతల యుద్ధం. దాటబోయి దాటబోయి వెనక్కి వస్తున్నాడు. నా పక్కన కూర్చున్న ఓ ముసలమ్మ "పోబాకయ్యా" అని పైకే అనేసింది. ఎవరూ నవ్వలేదు.

మధ్యలో ఆపి మంచినీళ్లు అడిగాడు. ఒకాయన చెంబు తెచ్చాడు. కథకుడు కత్తి పక్కనపెట్టి, వంగి దోసిలి పట్టాడు. ఆయన చెంబు తగలనీయకుండా జానెడు పైనుంచి పోశాడు. సగం నీళ్లు మోచేతుల వెంట కారిపోయాయి. కారిపోయినన్ని పోగా తాగి, మూతి తుడుచుకుని, మళ్లీ కత్తి తీసుకుని కన్నమదాసు పరాక్రమం అందుకున్నాడు. అప్పుడు నాకు పదేళ్లుంటాయి. అందులో తప్పేముందో నాకు తెలియలేదు. తెలిసేసరికి ఆ మనిషి లేడు.

ఏ సినిమాలోనూ ఆ దోసిలి లేదు. అందుకే కాబోలు, అది నాకు మిగిలింది.

ఈ విద్యావంతుల పాట నిన్నమొన్నటిది కాదు. పల్నాటి వీరుల కథ ఓరుగల్లు వీధుల్లో పాడుతున్నట్టు క్రీడాభిరామంలో ఉంది. అంటే పన్నెండో శతాబ్దంలో జరిగిన పోరు అచ్చుయంత్రం, మైకు, తెర ఏవీ లేకుండా ఇన్ని వందల ఏళ్లు నోటిమీదే బతికింది. ఆ రోజుల్లో మాకు పేపరూ వీళ్లే, రేడియో వీళ్లే. శ్రీనాథుడి పేరుమీదున్న పల్నాటి వీరచరిత్రను అక్కిరాజు ఉమాకాంతం 1911లో అచ్చువేయించి పండితుల చేతికిచ్చాడు. ఆయన రుణం తీరేది కాదు. పాడేవాళ్ల దగ్గరికి పలకా బలపం పట్టుకుని వెళ్లిన మనిషి కోసం మాత్రం, నాకు తెలిసినంతలో, ఇంకో అరవయ్యేళ్లు ఆగాల్సొచ్చింది. వచ్చినాయన మనవాడు కాదు. జీన్ రోఘైర్ అనే అమెరికా పండితుడు. 1970ల్లో పల్నాడు వచ్చి, అలిసెట్టి గాలెయ్య అనే విద్యావంతుడు పాడిన కథనంతా టేపులకెక్కించి, ఇంగ్లీషులోకి మార్చి, 1982లో ఆక్స్‌ఫర్డ్ వాళ్లచేత పుస్తకంగా వేయించాడు. గాలెయ్య పేరు ఆ పుస్తకంలో గౌరవంగా ఉంది. ఆ పుస్తకాన్ని నేను పల్నాడులో ఒక్క ఇంట్లోనూ చూడలేదు. గాలెయ్య పాట మా పంచాయతీ వేపచెట్టు కింద ఒక్క సాయంత్రం కూడా వినలేదు. ఆక్స్‌ఫర్డ్ దాకా పోయిన గొంతు మా ఊరి మైకు గొట్టం దాకా రాలేదు.

మా దగ్గర గొంతుకు కరువా అంటే అదీ కాదు. గుర్రం జాషువా వినుకొండలో పుట్టినవాడు. కుర్రతనంలో రాజమండ్రి వెళ్లి మూగ సినిమాలకు తెరపక్కన నిలబడి కథ, మాటలు చదివి పొట్ట పోసుకున్నాడు. అంటే తెలుగు బొమ్మకు మాట రాకముందు ఆ మాట పల్నాటి మనిషిది. పెద్దయ్యాక మద్రాసు రేడియోలోనూ కార్యక్రమాలు చేయించాడు. ఆయన మద్రాసు రేడియోలో పనిచేసిన మాట మా జిల్లా పిల్లల్లో ఎంతమందికి తెలుసో పందెం వేయను. ఓడిపోతాను.

తర్వాతి సినిమాల సంగతి తెలిసిందే. 2003లో 'పలనాటి బ్రహ్మనాయుడు' వచ్చింది. అందులో హీరో తొడకొడితే రైలు వెనక్కి పోతుంది. ఆ ముక్క ఇప్పటికీ ఫోన్లలో తిరుగుతూనే ఉంది. మా తాత కూడా తొడ చరిచాడు, వాతావరణం విని. రైలు సంగతికొస్తే, మా మాచర్ల స్టేషను లైనుకు ఆఖరు. అక్కడికొచ్చిన ప్రతి రైలూ వెనక్కే పోవాలి, ఎవరి తొడతోనూ పనిలేదు. ఇక 2022 ఏప్రిల్ 4న నరసరావుపేట కేంద్రంగా పల్నాడు జిల్లా పుట్టింది. పురుడు వాసన పోకముందే, నాలుగు నెలలకు, ఆగస్టులో 'మాచర్ల నియోజకవర్గం' అనే సినిమా. పేరు మాది, గొడ్డళ్లు వాళ్లవి.

బ్రహ్మనాయుడి పేరు కావాలి, చాప వద్దు. ఇదీ మా ఫిర్యాదు. అన్నం పెట్టిన మనిషి పేరు తీసుకుని ఆయన చేతికి కత్తి ఒక్కటే మిగిల్చారు.

అన్నిటికన్నా పెద్దది పేపరు సంగతి. అక్కడ ఎవరినీ విలన్ అనడానికి లేదు. ఎవరూ చెడ్డ చేయలేదు, అయినా చెడ్డ జరిగింది. 1989లో ఈనాడు జిల్లాకో చిన్న పేపరు పెట్టి పెద్ద పేపరు మధ్యలో దోపి ఇవ్వడం మొదలుపెట్టింది. మిగతా పత్రికలూ అదే దారి పట్టాయి. మంచిదే అనుకున్నాం. దుర్గిలో రాతిశిల్పం చెక్కేవాళ్ల ఫొటో పడింది. కోటప్పకొండకు ఏ ఊరి ప్రభ ఎన్ని అడుగులో పడింది. మా ఊరి చెరువు తెగితే పడింది, హైస్కూలు పిల్లకు ర్యాంకొస్తే పడింది. మా నాయన ఆ పేజీ కత్తిరించి ట్రంకుపెట్టె మూతకు లోపల అంటించేవాడు.

చాలా ఏళ్లకు గానీ అందులో మెలిక నాకు అర్థం కాలేదు. మా అమ్మాయిని విశాఖపట్నంలో ఇచ్చాం. ఓ కార్తీకమాసం ఫోన్ చేసి "వీరుల ఉత్సవాలు పేపర్లో బాగా వేశారమ్మా, చూశావా" అన్నాను. "మా పేపర్లో లేదు నాన్నా" అంది. అదే పేపరు, అదే రోజు. ఎందుకుంటుంది? అది మా జిల్లా పేజీ. జిల్లా దాటదు. మరుసటి నెల ఇక్కడ ఓ ఊళ్లో రెండు వర్గాలు కొట్టుకుని నాటుబాంబులు పడ్డాయి. ఆ పూట ఫోన్ తనే చేసింది. "నాన్నా, మీరు బాగానే ఉన్నారా? మొదటి పేజీలో వేశారు."

అర్థమైంది కదా. మా మంచి మాకే చదివి వినిపిస్తారు, మా చెడ్డ రాష్ట్రానికంతా చదివి వినిపిస్తారు. జిల్లా పేజీలోంచి మొదటి పేజీకి ఎక్కాలంటే మాకున్న నిచ్చెన ఒకటే, అందులో నెత్తురుండాలి. ముప్పయ్యేళ్లు ఇలా జల్లెడ పడితే బయటివాడికి మిగిలేదేమిటి? ఎవరూ అబద్ధం రాయలేదు. ప్రతి అక్షరం నిజమే. ప్రయాణం చేసే నిజం మాత్రం ఒక్కటే. జిల్లా చీలాక ఇంకా చక్కనైంది. ఇంతకుముందు మా చాపకూడు వార్త గుంటూరు, తెనాలి వాళ్లయినా చదివేవాళ్లు. ఇప్పుడు వాళ్ల పేజీ వాళ్లది, మా పేజీ మాది.

గొడవలు లేవని నేనెప్పుడూ అనలేదు. ఉన్నాయి. ఓడిపోయిన పార్టీవాళ్లు ఊరు వదిలి చుట్టాల ఇళ్లలో నెలల తరబడి తలదాచుకోవడం నేను కళ్లారా చూశాను. వాళ్ల గేదెలకు నీళ్లు పెట్టింది ఎదుటి వర్గం ఇంటి ఆడవాళ్లు. అదీ చూశాను. 2024 మే 13న పోలింగు జరిగింది. మా మాచర్ల వైపు పాల్వాయిగేటు పోలింగు కేంద్రంలో ఓటు యంత్రాన్ని నేలకేసి కొట్టిన వీడియో దేశమంతా తిరిగింది. చేసింది చిన్న తప్పా? కాదు. చూపించినవాళ్లను తప్పుపట్టను. కానీ ఆ రోజే మా ఊళ్లో జనం నీడ లేని వరసలో, ఈ ఎండల్లో, ఓటు కోసం నిలబడ్డారు. ముసలివాళ్లకు కుర్రాళ్లు మజ్జిగ పోశారు, ఏ పార్టీ అని అడక్కుండా. దానికి వీడియో లేదు. వీడియో లేనిది జరగనట్టే.

ఆ తర్వాత ఓసారి హైదరాబాదులో మావాడికి అద్దెయిల్లు చూడ్డానికి వెళ్లాం. ఇల్లుగలాయన కాఫీ ఇప్పించాడు, మర్యాదస్తుడు. "ఏ ఊరండీ మనది?" అన్నాడు. "నరసరావుపేట అవతల, మాచర్ల వైపు." కాఫీ కప్పు కింద పెట్టి ఓ నవ్వు నవ్వాడు. "ఇంట్లో ఏం దాచరు కదా!" హాస్యానికే అన్నాడు. మేమూ నవ్వాం. ఇల్లు మాత్రం ఇవ్వలేదు. ఆయన్ననేం లాభం? కారంపూడి ఆయన చూడలేదు, చూపించిందే చూశాడు.

బయటివాళ్ల సంగతి పోనిద్దురు. నన్ను కోసేది ఇంకోటి. మా కుర్రాళ్ల బండ్ల మీద 'పల్నాటి పులి' అని స్టిక్కర్లు. చేతిలో కత్తి బొమ్మ. మా మనవడు కూడా ఓటి అంటించాడు. "కన్నమదాసు ఎవర్రా?" అన్నాను. "విలన్ పక్కన ఉంటాడు, వాడా తాతా?" అన్నాడు. నాకు కోపం రాలేదు, భయమేసింది. నాకు నాగమ్మ స్థానంలో భానుమతి మిగిలింది, పోనీ కథయినా మిగిలింది. వీడికి స్టిక్కరే కథ. ఎవరో మన మీద వేసిన ముద్రను మనమే డబ్బులిచ్చి కొనుక్కుని అంటించుకుంటున్నాం.

అందుకే అడుగుతున్నాను. పత్రికలవారూ, ఏడాదికి ఐదు రోజులు కారంపూడిని జిల్లా పేజీ దాటించండి. మొదటి పేజీ అక్కర్లేదు, మధ్యపేజీలో మూల ఇచ్చినా చాలు. విశాఖపట్నంలో మా అమ్మాయి చదవాలి. రేడియోవారూ, మా ఎండ చదివిన నోటితోనే ఒక రాత్రి విద్యావంతుడి పాట వినిపించండి, అరగంటకు కుదించకుండా. సినిమావారిని ఏమీ అడగను, చేసింది చాలు. వస్తే మాత్రం కారంపూడికి కెమెరా లేకుండా ఒకసారి రండి. మా కుర్రాళ్లకు వేరే చెప్పాలి. నాయనా, మీ జేబులో ఉన్న ఫోను రోఘైర్ టేపు రికార్డరు కన్నా వందరెట్లు మేలైంది. పాడేవాళ్లు ఇంకా ఉన్నారు, ముసలివాళ్లయ్యారు. ముప్పై సెకన్ల రీలు కాదు, తెల్లవార్లూ కూర్చుని మొత్తం పట్టండి. పట్టే ముందు ఆయన్ను పేరడగండి, నీళ్లు గ్లాసుతో చేతికివ్వండి.

మా జిల్లా పేజీ మీకు రాదు గనక వివరాలు ఇక్కడే రాస్తున్నాను. పల్నాటి వీరుల ఉత్సవాలు కార్తీక అమావాస్యనాడు కారంపూడిలో మొదలవుతాయి. ఐదు రోజులు: రాచగావు, రాయబారం, మందపోరు, కోడిపోరు, కల్లిపాడు. చాపకూడు మూడో రోజు, మందపోరునాడు.